చెక్కు బౌన్స్ కేసులో రాజీ: డబ్బుకీ కేసుకీ ముడి ఎలా వేయాలి

రాణిగంజ్‌లో ఒక హార్డ్‌వేర్ హోల్‌సేల్ షాపులో 19 ఏళ్లుగా లెక్కలు రాస్తున్నాను. పైపులు, వాల్వులు, నట్లు, బోల్టులు అప్పు మీద వెళ్తుంటాయి. ఆ డబ్బు రాబట్టడం నా పని. చెక్కు తిరిగొస్తే షాపు తరఫున నాంపల్లి కోర్టు మెట్లెక్కేదీ నేనే. కొన్నేళ్ల కిందట అటువైపు కూడా చూడాల్సి వచ్చింది. మా బావమరిది ఒక చిట్టీ పాడుకుని, హామీ కింద ఇచ్చిన చెక్కు బౌన్సయింది. ఈసారి నేను ఫిర్యాది వైపు లేను. నిందితుడి పక్కన బెంచీ మీద కూర్చున్నాను.

రెండు వైపులా కూర్చున్నాక నాకు తేలింది ఒకటే. రాజీ బేరం దగ్గర చెడదు. ఐదు లక్షలా, ఐదున్నరా అన్నది ఎలాగోలా గంటలో తెగుతుంది. డబ్బు అందే రోజుకీ, కేసు మూసే రోజుకీ కాగితం మీద ముడి వేయకపోతే అక్కడ చెడుతుంది. ఆ ముడి ఎలా వేయాలో మొదటి నుంచి చెప్తాను. మీరు చెక్కు తీసుకున్నవారైనా, ఇచ్చినవారైనా రెండు వైపుల సంగతీ చదవండి. ఎదుటివాడి భయం ఏమిటో తెలిస్తేనే రాజీ కుదురుతుంది.

మొదటి పని: మెమో మీద తేదీ చూడండి

తిరిగొచ్చిన చెక్కుతో పాటు బ్యాంకు ఒక చిన్న కాగితం ఇస్తుంది. దాన్నే రిటర్న్ మెమో అంటారు. చెక్కు నంబరు, మొత్తం, తిప్పి పంపిన కారణం, తేదీ అందులో ఉంటాయి. అందరి కళ్లూ 'ఫండ్స్ ఇన్‌సఫిషియెంట్' అన్న మాట మీదే ఆగుతాయి. మీరు తేదీ చూడండి. నేనైతే మెమో చేతికి రాగానే వెనకవైపు పెన్సిల్‌తో 'నోటీసు ఆఖరు రోజు' అని రాసి పెట్టుకుంటాను.

లెక్క ఇది. చెక్కు తిరిగొచ్చిందని బ్యాంకు నుంచి మీకు తెలిసిన రోజు నుంచి 30 రోజుల్లోపు, చెక్కు ఇచ్చిన వ్యక్తికి రాతపూర్వకంగా నోటీసు పంపాలి. అది అతనికి అందినప్పటి నుంచి 15 రోజులు గడువు. ఆ 15 రోజుల్లో చెక్కు మొత్తం కట్టకపోతే, తర్వాత ఒక నెలలోపు మెజిస్ట్రేట్ కోర్టులో ఫిర్యాదు వేయాలి. నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం 138, 142 సెక్షన్లు చెప్పేది ఇదే.

చెక్కు ఇచ్చినవారికి ఒక మాట. రాజీకి అన్నింటికన్నా చవకైన సమయం ఆ 15 రోజులే. ఆలోపు మొత్తం కట్టేస్తే ఈ సెక్షన్ కింద నేరమే పూర్తి కాదు. కోర్టు, జామీను, వాయిదాలు ఏవీ ఉండవు. చాలామంది నోటీసు కవరు చూసి తీసుకోకుండా తిప్పి పంపేస్తారు. దాని వల్ల మేలేమీ లేదు. సరైన అడ్రసుకు పంపిన నోటీసును కావాలని తీసుకోకపోతే అందినట్టే లెక్కేస్తారు. మీ చేతిలో ఉన్న 15 రోజులు మాత్రం ఊరికే పోతాయి.

చెక్కు తీసుకున్నవారికి ఇంకో మాట. ఈ గడువులు నడుస్తున్నప్పుడే ఎదుటివాడు ఫోన్లు మొదలుపెడతాడు. "అన్నా, ఈ నెలాఖరుకు పక్కా, కేసు ఎందుకన్నా మన మధ్య" అంటాడు. నిజంగానే కట్టాలని ఉండి ఉండొచ్చు. మాట్లాడండి, మర్యాదగా మాట్లాడండి. గడువును మాత్రం ఆపకండి. నోటీసు పంపాకా రాజీ పడొచ్చు, ఫిర్యాదు వేశాకా పడొచ్చు. గడువు దాటితే ఆలస్యానికి కారణం చెప్పుకుని కోర్టును బతిమాలుకోవాలి, ఒప్పుకుంటుందన్న నమ్మకం లేదు. చెక్కు మీది తేదీ నుంచి మూడు నెలలు ఇంకా దాటకపోతే మళ్లీ బ్యాంకులో వేసి, మళ్లీ తిరిగొస్తే ఆ కొత్త మెమో మీద నోటీసు ఇవ్వొచ్చు. 2012లో సుప్రీంకోర్టు దీనికి అనుమతించింది.

ఏ కోర్టు అన్నది మీ ఖాతా ఏ బ్రాంచిలో ఉందో దాన్ని బట్టి ఉంటుంది. చెక్కు తీసుకున్నవారి ఖాతా ఉన్న బ్రాంచి ఏ కోర్టు పరిధిలోకి వస్తే కేసు అక్కడే. ఖాతా రాణిగంజ్‌లో ఉంటే ఒక దారి, కూకట్‌పల్లిలో ఉంటే ఇంకో దారి, ఎల్బీనగర్ వైపు ఉంటే రంగారెడ్డి జిల్లా కోర్టుల దారి. రాజీకి తిరగాల్సింది కూడా ఆ కోర్టుకే కాబట్టి ముందే తెలుసుకోండి.

రెండో పని: రాజీ పడాలో వద్దో తేల్చుకోండి

అప్పు నిజంగా ఉండి, చెక్కు మీద సంతకం మీదే అయితే పోరాడి గెలిచే అవకాశం తక్కువ. ఆ చెక్కు చట్టబద్ధమైన బాకీ కిందే ఇచ్చారని కోర్టు ముందుగా నమ్ముతుంది. కాదని చూపించాల్సింది మీరు. "ఖాళీ చెక్కు మీద సంతకం పెట్టి ఇచ్చాను, అంకెలు వాళ్లే రాసుకున్నారు" అన్నది మా బావమరిది కూడా చెప్పిన మాటే. ఇష్టపూర్వకంగా సంతకం చేసి ఇచ్చిన ఖాళీ చెక్కుకూ అదే సూత్రం వర్తిస్తుందని 2019లో సుప్రీంకోర్టు చెప్పింది. శిక్ష పడితే రెండేళ్ల వరకు జైలు, లేదా చెక్కు మొత్తానికి రెట్టింపు దాకా జరిమానా, లేదా రెండూ పడొచ్చు.

అలాగని భయంతో రాజీ పడకండి. బాకీ ముందే తీర్చేసి రుజువులు మీ దగ్గర ఉన్నా, పోయిన చెక్కును ఎవరో వాడుకున్నా, అది వేరే లెక్క. చెక్కు ఇచ్చాక కొంత డబ్బు కట్టేసి ఉంటే, ఆ సంగతి చెక్కు మీద రాయకుండా పూర్తి మొత్తానికే బ్యాంకులో వేస్తే కేసు నిలవదని 2022లో సుప్రీంకోర్టు తీర్పు ఉంది. ఇలాంటివి ఉంటే లాయరుకు ముందే చెప్పండి. రాజీ మాటల్లో అదే మీ బలం. డబ్బు తీసుకునే మాలాంటి వాళ్లు కూడా ఈ తీర్పు గుర్తు పెట్టుకోవాలి. కొంత వచ్చాక పాత చెక్కు అలాగే వేయకండి, మిగతా మొత్తానికి కొత్త చెక్కు రాయించుకోండి.

ఒకటి స్పష్టంగా తెలియాలి. రాజీకి ఫిర్యాది ఒప్పుకోవాలి. 147వ సెక్షన్ ఈ నేరాలన్నింటినీ రాజీ చేసుకునే వీలు ఇచ్చింది. కానీ ఫిర్యాది సమ్మతి లేకుండా రాజీ అనేది లేదని 2012లోనూ, 2024లోనూ సుప్రీంకోర్టు చెప్పింది. కాబట్టి నిందితుడి వైపు ఉన్నవారు "డబ్బు కడతానంటున్నాను కదా, ఇంకేం" అని గట్టిగా మాట్లాడితే పని చెడిపోతుంది. ఫిర్యాదికి డబ్బుతో పాటు కోపం కూడా ఉంటుంది. ఫోన్ ఎత్తకుండా తిప్పిన నెలలు అతనికి గుర్తుంటాయి. మా షాపుకొచ్చిన ఒక బిల్డరు కుర్చీలో కూర్చుని ముందు "తప్పయింది సార్, ఫోన్ ఎత్తాల్సింది" అన్నాడు. మా ఓనరు ఆ రోజే వడ్డీ వదిలేశారు.

మూడో పని: మొత్తం ఎంతో లెక్కగట్టండి

ఇది త్వరగా అయ్యే పని, కాకపోతే కాగితం మీద చేయాలి. 6,00,000 రూపాయల చెక్కు, కేసు రెండేళ్లు నడిచింది అనుకోండి. ఇలాంటి కేసుల్లో చెక్కు మొత్తంతో పాటు ఏడాదికి 9 శాతం సాధారణ వడ్డీ లెక్కన పరిహారం ఇవ్వడం మంచిదని 2011లో సుప్రీంకోర్టు సూచించింది. ఆ లెక్కన రెండేళ్లకు 1,08,000. మొత్తం 7,08,000. రెండు వైపులా బేరం ఆరు, ఏడు లక్షల మధ్య మొదలైతే మర్యాదగా ఉంటుంది. ఫిర్యాది రెట్టింపు అడిగినా, నిందితుడు సగం అన్నా మాటలు అక్కడే ఆగిపోతాయి.

కేసు నడుస్తుండగా కోర్టు మధ్యంతర పరిహారం కట్టమని చెప్పి ఉండొచ్చు. 143ఏ సెక్షన్ కింద అది చెక్కు మొత్తంలో 20 శాతం దాకా, అంటే ఇక్కడ 1,20,000 దాకా ఉంటుంది. కట్టి ఉంటే అది తీసేయాలి. లాయరు ఫీజు ఎవరిది వారిదే అని ముందే అనుకోండి, చివర్లో ఆ మాట దగ్గరే గొడవలవుతాయి.

కోర్టుకు కట్టాల్సిన ఖర్చుల సంగతి చాలామందికి ఇంకా పాతదే తెలుసు. ఆలస్యంగా రాజీ పడితే మెజిస్ట్రేట్ దగ్గర 10 శాతం, సెషన్స్ లేదా హైకోర్టులో 15, సుప్రీంకోర్టులో 20 అని 2010 నాటి తీర్పు. 2025 సెప్టెంబర్ 25న సుప్రీంకోర్టు దాన్ని మార్చింది. ఇప్పుడు నిందితుడి తరఫు సాక్ష్యం నమోదు కాకముందే చెక్కు మొత్తం కట్టేస్తే అదనపు ఖర్చు లేకుండానే రాజీకి అనుమతించవచ్చు. ఆ సాక్ష్యం తర్వాత, తీర్పుకు ముందైతే 5 శాతం. అప్పీలు, రివిజన్‌లో అయితే 7.5. సుప్రీంకోర్టులో 10. మన 6,00,000 చెక్కుకు తీర్పు ముందు 30,000, అప్పీల్లో 45,000 అవుతుంది. ఈ డబ్బు ఫిర్యాదికి రాదు, సాధారణంగా లీగల్ సర్వీసెస్ అథారిటీకి, అంటే ఉచిత న్యాయసాయం చూసే ప్రభుత్వ సంస్థకు వెళ్తుంది. ఎవరు కట్టాలో రాజీ కాగితంలో రాయండి. సమన్లలోనే, మొదట్లోనే ఆన్‌లైన్‌లో కట్టే వీలుందని నిందితుడికి చెప్పాలని కూడా అదే తీర్పులో ఉంది. సమన్లు వస్తే దాచిపెట్టకుండా మొత్తం చదవండి.

డబ్బు ఎలా ఇవ్వాలి? ఆర్‌టీజీఎస్, నెఫ్ట్, డీడీ. ఇంతే. నగదు వద్దు. 2 లక్షలు, అంతకుమించి నగదుగా తీసుకుంటే ఆదాయపు పన్ను వాళ్లతో వేరే తలనొప్పి. అంతకన్నా పెద్ద తలనొప్పి ఏమిటో మా ఇంట్లోనే చూశాను.

మా బావమరిది ఆ చిట్టీ నడిపిన మనిషికి 1,50,000 నగదు ఇచ్చాడు. "కేసు నేను తీసేస్తాలే తమ్మీ, నువ్వు కోర్టుకు రానక్కర్లేదు" అన్నాడట. రసీదు లేదు. వీడు నమ్మి వాయిదాలకు వెళ్లడం మానేశాడు. రెండు మూడు వాయిదాల తర్వాత నాన్ బెయిలబుల్ వారంట్, అంటే పట్టుకుని కోర్టుకు తెమ్మనే ఆర్డరు వచ్చింది. ఉదయం ఆరున్నరకు నాకు ఫోన్: "బావా, ఇంటికి పోలీసులొచ్చిండ్రు, అమ్మ ఏడుస్తుంది." ఆ రోజంతా కోర్టులో వారంట్ రీకాల్ (రద్దు) పిటిషన్, జామీనుదారులు, ఆధార్ జిరాక్సులు అంటూ తిరిగాం. ఇచ్చిన లక్షన్నరను ఎదుటివాడు 'వడ్డీ కింద జమ' అన్నాడు. కాదనడానికి మా దగ్గర కాగితం లేదు.

కాబట్టి రాజీ మాటలు నడుస్తున్నా, డబ్బు కడుతున్నా, కోర్టులో కేసు మూసే ఆర్డర్ వచ్చేదాకా ప్రతి వాయిదాకు వెళ్లండి. వెళ్లలేకపోతే లాయరు చేత గైర్హాజరు పిటిషన్ వేయించండి. ఎదుటివాడు రానక్కర్లేదన్నంత మాత్రాన కోర్టు ఒప్పుకున్నట్టు కాదు.

నాలుగో పని: ఎక్కడ కూర్చోవాలి

లాయర్ల ఆఫీసులో కూర్చోవచ్చు, తెలిసిన పెద్దమనుషుల ఎదుట కూర్చోవచ్చు, కోర్టు మీడియేషన్ సెంటరుకు పంపొచ్చు, లేదా లోక్ అదాలత్. హైదరాబాద్‌లో పురానీ హవేలీ సిటీ సివిల్ కోర్టు ఆవరణలోని న్యాయ సేవా సదన్ లీగల్ సర్వీసెస్ వాళ్ల చోటు. కేసు కోర్టులో వేయకముందే అక్కడ దరఖాస్తు పెట్టుకుని ఎదుటివాడిని పిలిపించవచ్చు. 15100 నంబరుకు ఫోన్ చేసినా దారి చెప్తారు. మహిళలకు, ఎస్సీ ఎస్టీలకు లాయరు సాయం ఉచితంగానే దొరుకుతుంది.

లోక్ అదాలత్ గురించి కొంచెం ఆగి చెప్పాలి. అక్కడ ఇచ్చే అవార్డు అంతిమం, దాని మీద అప్పీలు లేదు. చెక్కు కేసులో ఇచ్చిన అవార్డును సివిల్ కోర్టు డిక్రీలాగే అమలు చేయించుకోవచ్చని 2011లో సుప్రీంకోర్టు తేల్చింది. అంటే కిస్తీ తప్పితే ఎగ్జిక్యూషన్ పిటిషన్ వేసి ఆస్తి జప్తుకు వెళ్లొచ్చు. బాగుంది కదా అనిపిస్తుంది. కానీ అక్కడ రాజీతో పాత క్రిమినల్ కేసు అయిపోతుంది. జైలు భయం తీరిపోతుంది. ఎదుటివాడి పేరు మీద ఇల్లో, షాపో, జీతమో ఉంటే లోక్ అదాలత్ మంచిది. ఏమీ లేనివాడి మీద ఎంత గట్టి అవార్డు ఉన్నా అమలు చేయడానికి ఏమీ దొరకదు. అలాంటి చోట డబ్బు మొత్తం అందాకే రాజీ నమోదు చేయించుకోవాలి.

ఐదో పని: రాజీ కాగితం

పాత ప్లీడర్లు దీన్ని 'రాజీనామా' అనేవారు. ఇప్పుడు ఆ మాట ఉద్యోగం మానేయడానికి పోయింది. కాగితం మాత్రం అలాగే ఉంది, 100 రూపాయల స్టాంపు పేపరు మీద టైపు చేయించి, అందరూ సంతకాలు పెట్టేది. కోర్టుల దగ్గర టైపిస్టుల దగ్గర తయారు నమూనాలు దొరుకుతాయి. పేర్లు, నంబర్లు మార్చి ఇచ్చేస్తారు. అది తీసుకోకండి. మీ కేసుకు మీ కాగితం ఉండాలి. మా షాపు తిన్న దెబ్బ చెప్తే ఎందుకో మీకే అర్థమవుతుంది.

ఒక కాంట్రాక్టరు 6,00,000 బాకీ. రాజీ కుదిరింది. నెలకు లక్ష చొప్పున ఆరు కొత్త చెక్కులు ఇచ్చాడు. అదే రోజు కోర్టులో మేము రాజీ చెప్పి కేసు ముగించేశాం. మొదటి రెండు చెక్కులు పాసయ్యాయి. మూడోది తిరిగొచ్చింది. మళ్లీ నోటీసు, మళ్లీ 15 రోజులు, మళ్లీ కొత్త కేసు. పాత కేసును లేపడానికి వీల్లేదు. రాజీ ఒప్పందం కుదిరాక పాత చెక్కుల కేసు, రాజీలో ఇచ్చిన కొత్త చెక్కుల కేసు రెండూ పక్కపక్కనే నడపకూడదని 2021లో సుప్రీంకోర్టు చెప్పింది. కొత్త చెక్కు బౌన్సయితే దాని మీద కొత్త కేసు వేసుకునే హక్కు ఉంటుంది, నిజమే. కానీ మాకు 14 నెలలు పోయాయి.

అప్పటి నుంచి నేను కాగితంలో ముందు ముడినే రాయిస్తాను. ఇలా ఉంటుంది:

"మొత్తం రాజీ సొమ్ము 6,40,000 రూపాయలు (అక్షరాలా ఆరు లక్షల నలభై వేలు). ఇందులో 2,00,000 ఈ రోజు డీడీ ద్వారా అందినది. మిగిలిన 4,40,000 నాలుగు కిస్తీలుగా, ప్రతి నెల 5వ తేదీ లోపు, 1,10,000 చొప్పున ఫిర్యాది బ్యాంకు ఖాతాకు నెఫ్ట్ ద్వారా చెల్లించాలి. ఆఖరి కిస్తీ జమ అయిన తర్వాత వచ్చే మొదటి వాయిదాకు ఇద్దరూ హాజరై కేసును రాజీ చేసుకుంటారు. ఏ కిస్తీ అయినా 10 రోజులు మించి ఆలస్యమైతే రాజీ కోసం వడ్డీలో ఇచ్చిన తగ్గింపు రద్దవుతుంది, అప్పటిదాకా కట్టినది మినహాయించి మిగతా మొత్తం ఒకేసారి కట్టాలి, ఫిర్యాది కేసును కొనసాగించవచ్చు."

చూడండి, ఇందులో డబ్బు ఇచ్చే తేదీ, కేసు మూసే తేదీ ఒకదాని వెనక ఒకటి ఉన్నాయి. నిందితుడికి కూడా ఇందులో రక్షణ ఉంది. ఆఖరి కిస్తీ పడగానే ఫిర్యాది రాక తప్పదు, రాకపోతే అతని సంతకంతో ఉన్న కాగితం కోర్టుకు చూపించొచ్చు. కిస్తీల కాలమంతా కేసు వాయిదా వేయమని ఇద్దరి లాయర్లూ కలిసి కోర్టులో మెమో (రాతపూర్వక వినతి) వేయాలి. ఆలస్యమైతే పాత కేసు సంగతేమిటన్న వాక్యం పైన చెప్పిన 2021 తీర్పుకు తగులుతుంది కాబట్టి, ఆ వాక్యం మీ లాయరుతోనే రాయించండి, టైపిస్టుతో కాదు.

మిగతా వివరాలు గబగబా చెప్తాను. కేసు నంబరు (సీసీ నంబరో ఎస్‌టీసీ నంబరో సమన్ల మీద ఉంటుంది), కోర్టు పేరు. ప్రతి చెక్కు నంబరు, తేదీ, బ్యాంకు, మొత్తం. ఇద్దరి పేర్లు, తండ్రి పేర్లు, అడ్రసులు ఆధార్‌లో ఉన్నట్టే. ఇదే బాకీ మీద సివిల్ దావా ఉంటే దాన్నీ ఎవరు, ఎప్పుడు రాజీ చేసుకోవాలి. పోలీసు స్టేషన్లో చీటింగ్ కేసు పెట్టి ఉంటే అది ఈ రాజీతో దానంతట అది పోదు, దాని సంగతి వేరుగా రాయాలి. ప్రతి పేజీ మీద ఇద్దరి సంతకాలు, చివర ఇద్దరు సాక్షులు.

ఇక అందరూ మరిచిపోయేది ఒకటుంది: మిగతా ఖాళీ చెక్కులు. చిట్టీల్లో, ఫైనాన్సుల్లో ఒక చెక్కుతో ఆగరు. మా బావమరిది నాలుగు చెక్కులు, ఒక ప్రామిసరీ నోటు ఇచ్చి ఉన్నాడు. కేసు ఒక్క చెక్కు మీదే. మిగిలిన మూడూ ఆ మనిషి బీరువాలో ఉన్నాయి. రెండో రాజీలో వాటి నంబర్లన్నీ రాయించాం, 'ఫిర్యాది వద్ద నిందితునికి సంబంధించిన ఇతర చెక్కులు, నోట్లు ఏవీ లేవు' అన్న వాక్యంతో సహా. మీ చెక్కు బుక్కు కౌంటర్‌ఫాయిళ్లు తీసి నంబర్లు సరిచూసుకోండి. దొరకని చెక్కులుంటే వాటి మీద డబ్బు ఇవ్వొద్దని బ్యాంకుకు స్టాప్ పేమెంట్ రాసివ్వండి. ఇది కేసు ఎగ్గొట్టడానికి కాదు, రాజీ అయ్యాక పాత చెక్కు మళ్లీ బయటికి రాకుండా ఉండటానికి.

కంపెనీ తరఫున వెళ్తే బోర్డు తీర్మానం లేదా అధికార పత్రం ఉండాలి, అందులో 'రాజీ పడే అధికారం' అన్న మాట కనిపించాలి. నేను షాపు తరఫున వెళ్లేటప్పుడు ఓనరు సంతకంతో ఆ పత్రం ఫైల్లో ముందే పెట్టుకుంటాను. కేసులో కంపెనీతో పాటు డైరెక్టర్లు కూడా నిందితులైతే అందరి పేర్లూ రాజీ పిటిషన్‌లో ఉండాలి. ఒకరి పేరు తప్పితే వారి మీద కేసు అలాగే ఉండిపోతుంది.

ఆరో పని: కోర్టు రోజు

పొద్దున పదింటికల్లా వెళ్లండి. ఒరిజినల్ ఆధార్, రెండేసి జిరాక్సులు, రాజీ కాగితం ఒరిజినల్, బ్యాంకు స్టేట్‌మెంటు, డీడీ ఉంటే దాని జిరాక్సు దగ్గర పెట్టుకోండి. డబ్బు ఆ రోజే ఇచ్చేదైతే నిందితుడు ముందు రోజే డీడీ తీసి పెట్టుకోవాలి. "మధ్యాహ్నం ఆర్‌టీజీఎస్ చేస్తా" అన్న మాటతో ఫిర్యాది జడ్జిగారి ముందు నిలబడకూడదు. ఖాతాలో పడిన మెసేజ్ చూశాకే నిలబడాలి.

నిందితుడి మీద వారంట్ ఉంటే ముందు దాన్ని రీకాల్ చేయించుకోవాలి. తర్వాత ఇద్దరూ సంతకాలు చేసిన రాజీ పిటిషన్‌ను లాయర్లు వేస్తారు. కేసు పిలిచినప్పుడు జడ్జిగారు సాధారణంగా ఫిర్యాదిని రెండు మూడు ప్రశ్నలు అడుగుతారు. డబ్బు మొత్తం అందిందా, ఎవరి ఒత్తిడైనా ఉందా, ఇష్టపూర్వకంగానే వచ్చారా అని. తొణకకుండా చెప్పండి. బాకీ ఇంకా ఉంటే ఉందనే చెప్పండి. అందకుండా 'అందింది' అన్నారంటే అది రికార్డులోకి ఎక్కుతుంది, తర్వాత వెనక్కి తీసుకోలేరు.

రాజీని కోర్టు అంగీకరిస్తే దాని ఫలితం నిందితుడు నిర్దోషిగా విడుదలైనట్టే. శిక్ష పడి అప్పీల్లో ఉన్నా ఈ దారి ఉంది. తెలంగాణ నుంచే వెళ్లిన ఒక కేసులో, పార్టీలు ఇష్టపూర్వకంగా రాజీ చేసుకున్నాక హైకోర్టు దాన్ని కాదని శిక్షను నిలబెట్టకూడదని 2023లో సుప్రీంకోర్టు చెప్పింది. కాబట్టి కింది కోర్టులో ఓడిపోయినా, 'ఇక అయిపోయింది' అని పారిపోకండి. అప్పీలు వేస్తే జరిమానా లేదా పరిహారంలో కనీసం 20 శాతం డిపాజిట్ చేయమని కోర్టు అడగొచ్చు. కట్టిన ఆ డబ్బును కూడా రాజీ లెక్కలో కలిపించండి.

ఏడో పని: కేసు మూసేశాక

కోర్టు కాపీ సెక్షన్‌లో దరఖాస్తు పెట్టి ఆర్డరు సర్టిఫైడ్ కాపీ తీసుకోండి. ఈ-కోర్ట్స్ యాప్‌లో కేసు నంబరు కొట్టి 'డిస్పోజ్డ్' అని వచ్చిందో లేదో చూడండి. బౌన్సయిన ఒరిజినల్ చెక్కు కోర్టు ఫైల్లో ఎగ్జిబిట్‌గా (సాక్ష్యంగా) ఉంటుంది, దాన్ని ఎవరికి తిరిగివ్వాలో పిటిషన్‌లో అడగొచ్చు. సివిల్ దావా కూడా ఉంటే అక్కడ కూడా రాజీ మెమో వేయాలి. లోక్ అదాలత్‌లో తేల్చుకుంటే కట్టిన కోర్టు ఫీజు వెనక్కి వచ్చే వీలుంది, అడగండి.

మా బావమరిది కేసు మూసిన రోజు నాకు బాగా గుర్తుంది. ఆర్డరు అయ్యాక కోర్టు బయట వేపచెట్టు కింద నిలబడి, ఆ చిట్టీ మనిషి కవర్లోంచి మిగతా చెక్కులు తీసి ఇచ్చాడు. మా బావమరిది కౌంటర్‌ఫాయిళ్లు చేత్తో పట్టుకుని ఒక్కో నంబరు పైకి చదివాడు. మూడో చెక్కు నంబరు కలవలేదు. వేరే ఎవరిదో చెక్కు వచ్చి కలిసింది. చిట్టీ మనిషి ఇంటికి ఫోన్ చేసి, గంటన్నర తర్వాత ఎవరో బండి మీద సరైన చెక్కు తెచ్చేదాకా మేము అక్కడే నిలబడ్డాం. ఆ తర్వాతే సంతకం పెట్టించుకున్న రసీదు జేబులో పెట్టుకుని, నాలుగు చెక్కుల్లో మా చేతికొచ్చిన మూడింటినీ అక్కడే చింపాం.